పాత పీఎస్2 డిస్క్ పాడవకముందే బ్యాకప్ తీసుకోండి

తిరుపతి, చిత్తూరు సైడ్ అటక మీద పాత పీఎస్2 పెట్టుకున్నోళ్లందరికీ ఈ ఎపిసోడ్.

2009లో వచ్చిన 'హనుమాన్: బాయ్ వారియర్' గుర్తుందా? మన హైదరాబాద్‌లోని అరోనా టెక్నాలజీస్ చేసిన పీఎస్2 గేమ్. అప్పట్లో రివ్యూలు బాగా తిట్టినాయి, అది వేరే విషయం. అంజనాద్రిని రోజూ చూసే మనకి ఆ డిస్క్ పోతే బాధే కదబ్బా! పీఎస్2 తయారీ 2013 జనవరికే ఆగిపోయింది. కొత్త డిస్క్ యాడ దొరుకుతుంది?

మీ డిస్క్‌ని కంప్యూటర్ డీవీడీ డ్రైవ్‌లో పెట్టి, ఇమ్‌గ్‌బర్న్‌తో ఇమేజ్ తీయండి. ఫోన్ ఒక్కటే ఉంటే ఈ పని కాదు, ఫ్రెండ్ ల్యాప్‌టాప్ అడగండి. డిస్క్ అడుగున వెండి రంగుంటే డీవీడీ, నేరుగా ఐఎస్ఓ వస్తుంది. నీలంగా ఉంటే సీడీ. దానికి బిన్, క్యూ అని రెండు ఫైల్స్ వస్తాయి, బిన్‌ని ఐఎస్ఓగా మార్చాలి. గీతలు పడిన డిస్క్ అయితే రెండుసార్లు తీసి ఎండీ5 పోల్చండి. రెండూ ఒకటే ఉంటేనే నమ్మండి.

ఇంక పెన్‌డ్రైవ్. ఫ్యాట్32లో ఫార్మాట్ చేసి, సీడీ గేమ్స్‌కి ఒకటి, డీవీడీ గేమ్స్‌కి ఒకటి ఫోల్డర్ పెట్టండి, పేర్లు ఇంగ్లీష్ పెద్ద అక్షరాల్లో. అందరూ ఇరుక్కునేది ఈడే: ఫ్యాట్32లో ఒక ఫైల్ 4 జీబీ దాటకూడదు. గేమ్ అంతకన్నా పెద్దదైతే యూఎస్‌బీయుటిల్‌తో 1 జీబీ ముక్కలు చేయాలి. ఆ ముక్కల పేర్లు మాత్రం ముట్టుకోవద్దు సామీ, లిస్టులో గేమే కనపడదు.

ఇంకోటి. పాత ఓపెన్ పీఎస్2 లోడర్ వెర్షన్లకి ఫైల్ డ్రైవ్‌లో ఒకే వరుసగా ఉండాలి. పాతవి డిలీట్ చేసి మధ్యలో ఇరికిస్తే ఫైల్ చెదిరిపోతుంది, గేమ్ ఓపెన్ అవదు. ఖాళీ డ్రైవ్‌లోకి ఒక్కో గేమే కాపీ చేయండి.

ఫ్రీ మెక్‌బూట్ ఉన్న మెమరీ కార్డుతో లోడర్ ఆన్ చేస్తే గేమ్ వస్తుంది. పీఎస్2 యూఎస్‌బీ పోర్ట్ 1.1 కాబట్టి వీడియో సీన్లు ఆగి ఆగి ఆడతాయి. మీ ఫైల్ తప్పు కాదది.

కొంతమంది "ఇది లీగలేనా అన్నా?" అంటారు. కొనుక్కున్న ప్రోగ్రామ్ పాడవకుండా బ్యాకప్ తీసుకోవడానికి 1957 కాపీరైట్ చట్టం సెక్షన్ 52లో వీలుంది. ఆ ఫైల్‌ని పదిమందికీ పంచడానికి లేదు. ఒరిజినల్ డిస్క్‌ని మాత్రం కవర్లో పెట్టి దాచుకోండి.