ఒక లిపి - పెక్కు నాలుకలు
(గ్రంథాలయ రజతోత్సవ సభలో చేసిన ఉపన్యాస పాఠము)



తాండూరు బజారులో కందుల తూకపు చీటీ మీద 20 అని వ్రాసియున్నదనుకొందము. కోట్‌పల్లి రైతు దానిని ఇరువది యని చదువును. సేడము, చించోళి వైపు నుండి వచ్చిన కన్నడిగుడు ఇప్పత్తు అనును. ఉర్దూ మాటలాడు వర్తకుడు బీస్ అనును. మరాఠీవాడు వీస్ అనును. నాలుకలు నాలుగు, గుర్తు ఒక్కటి, లెక్క ఒక్కటి. అక్కడ ఎవ్వరును మఱియొకరి భాష నేర్వవలసిన పని లేదు. అంకెలకున్న యీ గుణము మాటలకు కూడ ఉన్నయెడల ఎట్లుండును? అట్టి లిపి యొకటి లోకములో నిజముగా నున్నది. అదియే చీనా లిపి. అది చీనాలో పుట్టి కొరియాకు, జపానుకు, వియత్నాముకు వ్యాపించి, సంబంధము లేని భాషలను వందల యేండ్లు మోసినది. దాని చరిత్ర దూరదేశపు వింత మాత్రమే కాదు. మన యిండ్లలోని పాత కాగితములకు కూడ అందులో నొక పాఠము కలదు.

మొదట మన లిపికిని దానికిని గల భేదమును తెలిసికొనవలెను. మన అక్షరము ధ్వనికి గుర్తు. "కొండ" అని వ్రాయునపుడు మనము కొండను వ్రాయుటలేదు, కొండ యను మాటలోని ధ్వనులను వ్రాయుచున్నాము. తెలుగు తెలియనివాడు మన అక్షరములు నేర్చికొన్నచో ఆ మాటను స్పష్టముగా పలుకగలడు గాని, అది మన్నో మిన్నో యెఱుగడు. చీనా లిపిలో కొండకు మూడు శిఖరములు నిలిచినట్లుండు నొక గుర్తు కలదు. బీజింగువాడు దానిని "షాన్" అని చదువును. జపానువాడు సందర్భమును బట్టి "యామా" అనియో "సాన్" అనియో అనును. కొరియాలో "సాన్", వియత్నాములో "సన్". పలుకు మాఱినను వారందఱి మనస్సులో నిలుచునది కొండయే.

ఇంతమాత్రమున ఆ లిపి యంతయు బొమ్మల కూర్పని భ్రమపడరాదు. మూడువేల యేండ్లకు పూర్వము షాంగ్ రాజుల కాలమున ఎద్దుల యెముకల మీద, తాబేటి చిప్పల మీద ప్రశ్నలు చెక్కి శకునము చూచెడివారు. నేటికి దొరకిన చీనా వ్రాతలలో అవియే మిక్కిలి పాతవి. వానిలో నిజముగా బొమ్మను పోలిన గుర్తులు అనేకము కలవు. కాని కాలము గడచిన కొలది పుట్టిన గుర్తులలో చాల వఱకు అర్థము నొక భాగమును, ధ్వని నొక భాగమును చేర్చి కూర్చినవి. అమ్మ యను మాటకు స్త్రీ గుర్తును, గుఱ్ఱపు గుర్తును ప్రక్కప్రక్కన వ్రాయుదురు. గుఱ్ఱమునకును అమ్మకును పోలిక లేదు. చీనా భాషలో గుఱ్ఱమును "మా" అందురు, అమ్మను కూడ వేఱొక స్వరముతో "మా" అందురు. స్త్రీ గుర్తు అర్థమును తెలుపును, గుఱ్ఱము పలుకును తెలుపును. ఇట్లు పెరిగి పెరిగి, క్రీస్తుశకము 100 ప్రాంతమున షూ షెన్ అను పండితుడు కూర్చిన నిఘంటువులో 9,353 గుర్తులుండగా, 1716లో వెలువడిన కాంగ్షీ చక్రవర్తి నిఘంటువులో 47,000కు పైగా చేరినవి. నిత్యవ్యవహారమునకు మూడు నాలుగు వేలు చాలును. ఏబదియాఱు అక్షరముల వర్ణమాలకే పలక మీద కన్నీరు పెట్టిన మన పిల్లలు అదృష్టవంతులే యనవలెను.

ఈ లిపి పొరుగు దేశములకు కత్తితో మాత్రమే పోలేదు, పుస్తకముతో కూడ పోయినది. అందులో మన దేశపు పాత్ర గొప్పది. ఆచార్య నాగార్జునుని పేరు ఆంధ్రదేశముతోను, శాతవాహనులతోను పెనవేసికొని యున్నది. ఆయన మాధ్యమిక శాస్త్రమును కుమారజీవుడు క్రీస్తుశకము 409లో చాంగాన్ నగరమున చీనా భాషలోనికి తెచ్చెను. ఆ యొక్క అనువాదమునే కొరియా భిక్షువు తన పలుకుతో, జపాను భిక్షువు తన పలుకుతో చదివికొనిరి. దేశమునకొక అనువాదము అక్కఱలేకపోయినది. పదుమూడవ శతాబ్దమున కొరియావారు బౌద్ధ గ్రంథములన్నిటిని 80,000కు పైబడిన కొయ్యపలకల మీద చెక్కించిరి. అవి హేయిన్సా విహారమున నేటికిని భద్రముగా నున్నవి. చెక్కినవారు కొరియావారు, చెక్కినది చీనా లిపి, అందలి భావములలో పెక్కు మన దేశమున పుట్టినవి.

ఏడవ శతాబ్దమున హ్యూన్ త్సాంగ్ అను చీనా యాత్రికుడు ఆంధ్రదేశమునకు వచ్చెను. ఇచటి భాషయు వాక్యరచనయు మధ్యదేశపు దానికంటె వేఱనియు, అక్షరముల రూపములు మాత్రము ఇంచుమించుగ నొక్కటే యనియు ఆయన వ్రాసికొనెను. ఒకే లిపి పలు నాలుకలను మోయుట స్వదేశమున ఎఱిగిన వాడగుటచే కాబోలు, ఆ సంగతి ఆయన కంటబడినది.

ఆయన చూచినది మన సీమలో మఱింత స్పష్టముగా కనబడును. తాండూరు ప్రక్కగా పాఱు కాగ్నా నది దిగువకు పోయి మళ్ఖేడు చెంతగా సాగును. తొమ్మిదవ శతాబ్దమున అది రాష్ట్రకూటుల రాజధాని. ఆ కాలమున తెలుగునకును కన్నడమునకును లిపి యొక్కటే. కరీంనగరము జిల్లా కుర్క్యాల వద్ద బొమ్మలగుట్ట మీద క్రీస్తుశకము 945 ప్రాంతమున జినవల్లభుడు వేయించిన శాసనము కలదు. ఆయన కన్నడ ఆదికవి పంపని తమ్ముడు. ఆ రాతి మీద సంస్కృతము, కన్నడము, తెలుగు - మూడు భాషలు ఒక్క లిపిలో నిలిచియున్నవి. తెలుగు కంద పద్యములు మూడు అందు కలవు. రెండు లిపులు నిదానముగా వేఱుపడినవి. పందొమ్మిదవ శతాబ్దమున అచ్చు అక్షరములు వచ్చిన పిమ్మట ఆ యెడము స్థిరపడినది. అయినను నేటికి మనవాడు కన్నడ బోర్డును కూడబలుకుకొని చదువగలడు. తాండూరు తాలూకా 1956 నవంబరు 1 వఱకు గుల్బర్గా జిల్లాలోనిదే గదా.

అయితే ఈ రెండు పొత్తులును ఒకటి కావు. కుర్క్యాల శాసనమును చదువగలవాడు మూడు భాషలను పలుకగలడు, తెలిసిన భాషను మాత్రమే గ్రహించును. చీనా లిపి నేర్చినవాడు పొరుగువాని వ్రాతను చాల వఱకు గ్రహించును, వాని పలుకును మాత్రము ఎఱుగడు. 1905లో వియత్నాము దేశభక్తుడు ఫాన్ బోయి చౌ జపానుకు పోయి, యోకొహామాలో ప్రవాసియై యున్న చీనా పండితుడు లియాంగ్ చిచావోను దర్శించెను. ఒకరి మాట మఱియొకరికి తెలియదు. కుంచెయు కాగితమును తీసికొని, ఒకరు వ్రాయగా మఱియొకరు చదివి బదులు వ్రాసి, తమ దేశముల విముక్తిని గూర్చి చర్చించిరి. నోరు మెదపకయే రెండు దేశముల గోడు వెళ్ళబోసికొనిరి.

ఎరువు సొమ్మునకు ఇబ్బందియు కలదు. చీనా భాషలో మాటకు విభక్తులు తగులవు. జపాను, కొరియా భాషలు వాక్య నిర్మాణమున మన తెలుగును పోలినవి. క్రియ చివరకు వచ్చును, మాట వెనుక ప్రత్యయము చేరును. మనమే చీనా లిపిని ఎరువు తెచ్చికొన్నామనుకొందము. "కొండ"కు గుర్తు దొరకును. "కొండకు", "కొండలో", "ఎక్కెను", "ఎక్కలేదు" అని వ్రాయుట యెట్లు? ఆ కు, లో, లేదు అనువానికి గుర్తులేవి? జపానువారు కొన్ని చీనా గుర్తులను కుదించి "కానా" అను ధ్వని అక్షరములను చేసికొనిరి. నేటికిని వారు మాట మొదలును చీనా గుర్తుతోను, ప్రత్యయమును కానాతోను వ్రాయుదురు. వియత్నామువారు తమ మాటలకు క్రొత్త గుర్తులనే కూర్చి దానిని నోమ్ లిపి యనిరి. కొరియాలో సేజోంగ్ రాజు మఱియొక దారి పట్టెను. సామాన్యునకు చదువు అందవలెనని 1443లో ఇరువది యెనిమిది అక్షరములు కల్పింపజేసి, 1446లో ప్రకటించెను. పండితులలో కొందఱు దానిని నిరసించిరి. నేడు కొరియావారు దానిని తలపై పెట్టుకొనుచున్నారు.

గుర్తు ఒక్కటైనను అర్థము నిలుకడగా నుండునని లేదు. "చేయి", "కాగితము" అను రెండు గుర్తులను కలిపి వ్రాసిన జపానువానికి అది ఉత్తరము. చీనావానికి మరుగుదొడ్డిలో వాడు కాగితము! నవ్వవచ్చును గాని, మన యింటను ఇట్టివి కలవు. "ఉపన్యాసము" మనకు సభలో చెప్పునది. హిందీవానికి అది నవల. "అవసరము" మనకు అక్కఱ, కన్నడిగునకు తొందర, హిందీవానికి అదను. పొత్తు సొత్తును ఎవరి చేతిలో నున్నది వారు తమకు అనువుగా మలచుకొందురు.

ఇక అసలు సంగతి. ఒక జాతి తన పాత లిపిని విడిచినపుడు ఏమగును? వియత్నాములో చీనా లిపిలో జరుగు ఉద్యోగ పరీక్షలు 1919తో ముగిసినవి. రోమను అక్షరములే నిలిచినవి. దానివలన చదువు ఊరూర వ్యాపించినది. ఆ మేలును కాదనరాదు. కాని న్గుయెన్ జు మహాకవి నోమ్ లిపిలో వ్రాసిన 3,254 పాదముల "కియూ కథ"ను అతని జాతివారు నేడు రోమను అక్షరములలో చదువుకొనుచున్నారు. తాతలు దేవళముల మీద వ్రాయించిన పలకలు, ఇంటి వంశావళులు మనుమలకు చెక్కిన గీతలుగా మాత్రమే కనబడును. అందుచే హనోయి నగరమున ఆ పాత వ్రాతలను చదువుటకే యొక పరిశోధన సంస్థను నిలిపిరి. చీనావారు 1956 నుండి అనేక గుర్తులను సులభము చేసిరి. తైవానువారు పాత రూపములనే ఉంచుకొనిరి. జపాను ప్రభుత్వము 2010లో 2,136 గుర్తులను నిత్యవ్యవహారమునకు నిర్ణయించినది. ఎవరి దారి వారిది. కాని ప్రతిచోటను కొందఱైనను పాతది చదువువారు మిగులునట్లు చూచుకొనిరి.

మన సంగతి యేమి? హైదరాబాదు రాజ్యమున కచేరీ భాష మొదట పారసీకము, పందొమ్మిదవ శతాబ్దము చివర నుండి ఉర్దూ. ఊరి లెక్కలలో "రఖమ్" అను సంఖ్యా గుర్తులు వాడిరి. అవి అరబ్బీ సంఖ్యా పదములను కుదించిన రూపములు. తెలుగు పట్వారీ వానిని తెలుగున చదివికొనెడివాడు, మరాఠీ పట్వారీ మరాఠీలో చదివికొనెడివాడు. చీనా గుర్తులకు మన సీమలో ఇంతకంటె దగ్గఱి చుట్టము లేదు. మరాఠీ లెక్కలకు మోడి లిపి వేఱుగా నుండెడిది. ఆ రాజ్యము 1948లో పోయినది, కచేరీ భాష మాఱినది, 1984లో పట్వారీగిరియు పోయినది. కాగితము మాత్రము పెట్టె యడుగున నున్నది.

పట్టా, పహాణీ, సేత్వారు, వసూలు, బాకీ, తకరారు - ఈ మాటలు మన నోట ఇంకను బ్రతికియున్నవి. ఆ మాటలను వ్రాసిన లిపి మాత్రము మన కంటికి చచ్చినది. సరిహద్దు తగవు వచ్చిననాడు పాత కాగితమును మూటగట్టుకొని, చదువు వానిని వెదకుకొనుచు ఊరూర తిరుగవలసి వచ్చుచున్నది. వాడు చదివినదే వేదము. పది గుంటలను ఇరువది యన్నను, తండ్రి పేరును పినతండ్రి పేరన్నను, కాదనుటకు రెండవ కన్ను లేదు. లిపి మఱచినందున భూమి పోదు గాని, భూమికి సాక్షి మూగవాడగును. మూగసాక్షి యున్నచోట పెద్దనోరు గలవాడే గెలుచును.

ఇరువదియైదేండ్లు నిండిన గ్రంథాలయము ఈ విషయమున చేయదగిన పని చిన్నది, ఖర్చు తక్కువది. ఊరిలో ఉర్దూ చదువనేర్చిన పెద్దలు ఇంకను కలరు. వారు వారమునకొక గంట ఈ గదిలో కూర్చుండిన చాలును. పది మంది పిల్లలు మొదట అక్షరములను, పిమ్మట అంకెలను, రఖమ్ గుర్తులను, ఆ పైని పాత పహాణీలోని గళ్ళను చదువ నేర్వవలెను. ఒక్కని చేతిలో విద్య యుండిన అది అధికారమగును. పది మంది చేతిలో నుండిన అది రక్షణ యగును. అట్లే ఇంటింట నున్న పాత కాగితములను, అసలు ఇంటివారి వద్దనే యుంచి, నకలును తెలుగు పాఠముతో కూడ ఇచట భద్రపఱచవలెను. ఒకరు చదివిన దానిని మఱియొకరు సరిచూచి సంతకము చేయవలెను. లెక్క వ్రాయువాడొకడు, తనిఖీ చేయువాడొకడు ఉండవలెనని పాత కచేరీలు కూడ ఎఱిగిన నీతియే యిది.

ఏ లిపియు ఒక జాతి సొత్తు కాదు, ఒక మతము సొత్తు అసలే కాదు. చీనా గుర్తు కొరియావాని ధర్మమును మోసినది, జపానువాని పద్యమును మోసినది, వియత్నామువాని స్వాతంత్ర్య కాంక్షను మోసినది. ఉర్దూ అక్షరము మన తాతల పొలము హద్దులను మోసినది. మోసిన బండిని వాకిట నిలిపి తుప్పు పట్టనిచ్చుట గృహస్థ ధర్మము కాదు. తెలుగు మనకు తల్లి. తల్లి దగ్గఱ నుండి, మఱియొక లిపిని కూడ చదువ నేర్చిన బిడ్డ తల్లికి దూరము కాడు. రాబోవు ఇరువదియైదేండ్ల లెక్కలో ఈ యొక్క పద్దు జమ పడవలెను: కోట్‌పల్లిలో ఏ యింటి పాత కాగితమైనను ఊరిలోనే చదువబడును, ఇద్దఱిచే సరిచూడబడును.