హెర్తా టీలే: మరుగున పడిన ఒక జర్మన్ నటి



పాతకాలపు జర్మన్ సినిమా అనగానే చాలామంది మార్లిన్ డీట్రిచ్ పేరు చెబుతారు. ఆ రోజుల్లోనే బెర్లిన్‌లో పేరు తెచ్చుకుని, తరువాత లోకం మరచిపోయిన మరొక నటి ఉంది. ఆమె హెర్తా టీలే. ఈవేళ ఆమెను గురించి చెప్పుకుందాం.

హెర్తా 1908లో లైప్‌జిగ్ నగరంలో పుట్టింది. ఆమెకు పదేళ్ళ వయసులో మొదటి ప్రపంచ యుద్ధం ముగిసింది. చక్రవర్తి గద్దె దిగాడు, ఆడవాళ్ళకు ఓటు హక్కు వచ్చింది. పాత కట్టుబాట్లు సడలాయి గాని కడుపులు నిండలేదు. 1932 నాటికి ఆ దేశంలో పని లేనివాళ్ళు సుమారు 60 లక్షల మంది.

ఆ కాలంలోనే ఆమె నటించిన రెండు సినిమాలు దుమారం లేపాయి. మొదటిది 1931లో వచ్చిన ‘మెడ్షెన్ ఇన్ ఉనిఫోర్మ్’, అంటే యూనిఫారం తొడిగిన బాలికలు. దర్శకురాలు లియోంటీన్ సాగన్. తెరమీద ఒక్క మగ పాత్ర కూడా కనిపించదు. తల్లి లేని మాన్యుయెలా అనే పిల్లను కఠినమైన హాస్టలు బడిలో చేరుస్తారు. ఆదరంగా చూసిన టీచరమ్మ మీద తనకున్న ప్రేమను ఆ పిల్ల అందరి ముందూ చెప్పేస్తుంది. అది మహాపరాధమైపోతుంది. పిల్ల చావబోతే తోటి బాలికలే కాపాడతారు. భయపెట్టి పెంచే పద్ధతిని ఇలా నిలదీయడం ఆనాడు సామాన్యమైన సంగతి కాదు.

రెండవది 1932 నాటి ‘కూలె వాంపె’. రచనలో బెర్టోల్ట్ బ్రెక్ట్ చేయి ఉంది. పని దొరకని ఒక కుర్రవాడు చేతి గడియారం విప్పి, జాగ్రత్తగా పక్కన పెట్టి, కిటికీలోంచి దూకేస్తాడు. వాడి తోబుట్టువు, ఇంట్లో సంపాదించే ఏకైక మనిషి, ఆనీ. ఆ పాత్ర హెర్తాది. అద్దె కట్టలేక ఇల్లు పోతుంది. కుటుంబం ఊరి వెలుపల గుడారాల్లోకి చేరుతుంది.

ప్రభుత్వం ఈ చిత్రాన్ని నిషేధించింది. ఎందుకో తెలుసా? ఆ చావును ఒక్కడి దురదృష్టంగా కాక, అందరి గతిగా చూపించారట! ఆ సెన్సారు అధికారి తమను మెచ్చుకున్నవాళ్ళ కన్నా బాగా చిత్రాన్ని అర్థం చేసుకున్నాడని బ్రెక్ట్ చమత్కరించాడు. చివరికి కొన్ని కోతలతో విడుదలైంది. 1933లో హిట్లర్ రాగానే మళ్ళీ నిషేధం.

అందులో ఒక రైలు సన్నివేశం ఉంది. బ్రెజిల్‌లో కాఫీ గింజలను తగలబెట్టారన్న వార్త చదివి ప్రయాణికులు వాదించుకుంటారు. ధర పడిపోయి టమోటాలు రోడ్డు మీద పారబోసిన రైతులను చూసిన మనకు ఆ వాదన కొత్తగా తోచదు.

కొత్త ప్రభుత్వం హెర్తాను తన ప్రచార చిత్రాల్లోకి పిలిచింది. అప్పటికామెకు పాతికేళ్ళు. ఒప్పుకుంటే డబ్బు, పేరు, వరుసగా వేషాలు. ఆమె ఒప్పుకోలేదు. 1936లో నటించే హక్కు తీసేశారు. 1937లో స్విట్జర్లాండ్ వెళ్ళిపోయింది. అక్కడ చాలాకాలం నటనకు అవకాశమే రాలేదు. ఒకప్పుడు జనం టిక్కెట్లు కొని చూసిన మనిషి పొట్ట కోసం చిన్నా చితకా పనులు చేసింది, తరువాతి కాలంలో మానసిక రోగుల ఆసుపత్రిలో సేవ చేసింది. 1966లో తూర్పు జర్మనీకి తిరిగివచ్చి నాటకాల్లో, టెలివిజన్‌లో మళ్ళీ నటించింది. 1984లో కన్నుమూసింది. చివరి సంవత్సరాల్లో కొత్త తరం ఆమె పాత చిత్రాలను వెతికి చూసి, ఆమెను మళ్ళీ పలకరించింది.

ఆ ‘ఒప్పుకోను’ అన్న మాటకు ఆమె చెల్లించిన వెల దాదాపు ముప్ఫై ఏళ్ళు. ఆ ముప్ఫై ఏళ్ళలో ఎన్ని మంచి పాత్రలు పోయాయో లెక్కకట్టలేం. అయితే ఆమె పాత చిత్రాలను ఇవాళ చూసేవారు ఆమె ముఖం చూసి తల దించుకోవలసిన పని లేదు. తెరమీద ఆనీ ఎవరికీ తలవంచలేదు, తెర బయట హెర్తా కూడా వంచలేదు. ఎప్పుడైనా ఆ చిత్రాలు చూసే అవకాశం వస్తే వదులుకోకండి.