కష్టం ఇంటిదా, అడవిదా?

ఇంట్లో కష్టం వస్తే మన తలరాత అనుకుంటాం. అడవి ఎండిపోయిందంటే మాత్రం అది సర్కారువారి సంగతి అనుకుంటాం. ఈ రెండూ ఒకే కథ అని చెప్పే చిన్న చిత్రం ఒకటుంది. పేరు ‘ది ఎలిఫెంట్ విస్పరర్స్’. కార్తికి గొన్సాల్వెస్ అనే ఆవిడ తీశారు. సుమారు 40 నిమిషాలుంటుంది. 2023లో ఆస్కార్ బహుమతి పొందింది.

తమిళనాడులోని ముదుమలై అడవిలో తెప్పకాడు ఏనుగుల శిబిరం ఉంది. అక్కడ బొమ్మన్, బెళ్లి అనే ఇద్దరు తల్లిలేని ఏనుగు పిల్లల్ని సాకుతారు. బెళ్లి మొదటి భర్తను పులి పొట్టన పెట్టుకుంది. కూతురూ దక్కలేదు. అలాంటి మనిషికి రఘు అనే గున్న ఏనుగు బిడ్డయింది. దాని తల్లి కరెంటు తగిలి చనిపోయింది. ఎందుకూ? కరువుకాలంలో మేతకూ నీళ్లకూ మంద ఊళ్లవైపు వచ్చింది గనుక. చివరికి రఘును వేరొకరికి అప్పగించినప్పుడు బెళ్లికి మళ్లీ కడుపుకోతే.

ఇదంతా ఎక్కడో జరిగిన గొడవ అనుకోకండి. పొరుగు రాష్ట్రాల అడవుల్నుంచి ఏనుగులు 1980లలోనే మన చిత్తూరు జిల్లాలోకి వచ్చాయి. కుప్పం, పలమనేరు ప్రాంతాల రైతులకు ఆ బాధ తెలుసు. ఏనుగుకు రోజుకు సుమారు 150 కిలోల మేత కావాలి. అడవిలో దొరక్కపోతే చేలో పడుతుంది. అప్పుచేసి వేసిన పంట ఒక్క రాత్రిలో నేలమట్టమైతే ఆ ఇల్లాలు పిల్లలకేం పెడుతుంది చెప్పండి?

ఆ కడుపుమంటతోనే కొందరు చేను చుట్టూ తీగ కట్టి లైను కరెంటు కలుపుతారు. అది నేరం. ఆ తీగకు ఏనుగే తగలాలని లేదు గదా! చీకట్లో నీళ్లు కట్టడానికి వెళ్లిన మన ఇంటి మనిషే తగలవచ్చు. సౌరవిద్యుత్తు కంచె అలా కాదు. సరిగా అమర్చితే క్షణంసేపు ఝల్లుమనిపించి వదిలేస్తుంది, ప్రాణం తీయదు. దానికీ మరమ్మతు కావాలి, కనిపెట్టుకుని ఉండాలి.

అడవిపక్క ఊళ్ల అక్కచెల్లెళ్లు మహిళా సంఘంలో ఈ మాట ఎత్తాలి. ఇంట్లో మగవాళ్లు ఆ తీగ కడతామంటే వద్దని అడ్డుపడాలి. పంట పోయినవారికి పరిహారం వేళకు ఇమ్మని నలుగురూ కలిసి అడగాలి. పట్నంలో ఉన్న మనం ఆ రైతును తిట్టిపోయడం మానాలి. ఏనుగు పిల్లను చూసి కంటతడి పెట్టడం తేలిక. ఆ రైతు ఇల్లాలి కష్టం కూడా మనదనుకున్నప్పుడే మన జాలికి అర్థం.