ఎవరూ లేని జాగా అన్నారు

(నంద్యాల సమావేశంలో చేసిన ప్రసంగ పాఠం)



ఊరవతల అంటే ఏందో మనకు ఎవరూ చెప్పాల్సిన పని లేదు. చచ్చిన గొడ్డును ఈడ్చేసేదీ, పెంట పోసేదీ మన గుడిసెల పక్కనే. దేశాలకు కూడా ఊరవతల ఉంటుందని మాత్రం మేము నాలుగక్షరాలు చదువుకున్నాకనే తెలుసుకున్నాం.

బ్రిటిషోళ్లు అణుబాంబు చేసుకున్నారు. లండన్ పక్కన పేల్చి చూసుకోలేదు. 1952 నుంచి 1957 దాకా ఆస్ట్రేలియాలో 12 బాంబులు పేల్చినారు. ఆదివాసులు వేల ఏండ్లు బతికిన నేలను ఎవరిదీ కాదని రాసుకున్నారు. మనం దున్నే చేనును పోరంబోకు అని రాసుకున్నట్టే.

1953 అక్టోబరు 15న ఈము ఫీల్డ్‌లో బాంబు పేలింది. నల్లటి మంచు వచ్చి వాలటిన్నాలో జనం మీద పడింది. వాంతులు, కండ్ల మంటలు. అక్కడున్న యామి లెస్టర్ అనే పిల్లోడికి పెద్దయ్యేలోగా రెండు కండ్లూ పోయినాయి. ఆయనలాంటోళ్లు నోరు విప్పినాకనే 1984లో విచారణ కమిషన్ వేసినారు.

మారలింగ సంగతి వినండి. 1957 మే నెలలో మిల్‌పడి అనే ఆదివాసీ కుటుంబం, మొగుడూ పెండ్లాం, ఇద్దరు పిల్లలు, బాంబు గుంత దగ్గర మకాం చేసినారు. హెచ్చరిక బోర్డులు ఇంగ్లీషులో ఉండె! సిపాయిలు వాళ్లకు ఒళ్లు కడిగించి, కుక్కల్ని కాల్చి చంపి, బండెక్కించి పంపినారు. బయట చెప్పొద్దని సిపాయిలకు హుకుం. ఆ తల్లి అప్పటికి కడుపుతో ఉంది. బిడ్డ చచ్చి పుట్టింది. బాంబు వల్లనే అని రుజువేదీ అంటారు. ఆదివాసుల్ని 1967 దాకా దేశ జనాభాలోనే లెక్కగట్టనోళ్లు వాళ్ల రోగాల లెక్క రాస్తారా?

ఫ్రాన్సూ అంతే. 1960లో అల్జీరియా ఎడారిలో మొదలుపెట్టి, తర్వాత పాలినేషియా దీవుల్లో 1996 దాకా 193 సార్లు పేల్చింది.

ఇది దూరపు ముచ్చట కాదు. కడప జిల్లా తుమ్మలపల్లెలో యురేనియం కర్మాగారం 2012లో మొదలైంది. అది కరెంటుకే, బాంబుకు కాదంటారు, కానీయండి. వ్యర్థాల చెరువు పక్కన కొట్టాల రైతులు బోరు నీళ్లు చెడినాయి, అరటి ఎండిపాయె అని మొత్తుకున్నారు. కంపెనీ కాదంది. 2019లో మన ఆళ్లగడ్డ దగ్గర కూడా యురేనియం కోసం బోర్లు దింపబోతే జనం అడ్డం పోయినారు.

మళ్లీ బోరు బండి వస్తే ముందు ఇవి అడగండి: గ్రామసభ పెట్టినారా? నోటీసు తెలుగులో ఉందా? దండోరా మన వాడలో కూడా వేసినారా? ఇప్పుడే మన బోర్ల నీళ్లు పరీక్ష చేయించి, తేదీ వేసిన కాయితం పెట్టెలో దాచుకోండి. రేపు నీళ్లు చెడితే, అంతకుముందు బాగుండె అని చూపించేందుకు మన దగ్గరుండేది ఆ కాయితమే.