కంప్యూటరునందలి ఉమ్మడి ఫైళ్లు



పెండ్లి వంటలకు వలయు పెద్ద గుండిగలను, గంగాళములను ప్రతి గృహస్థుడును కొనడు. ఊరుమ్మడిగా కొన్నింటిని రామాలయమున భద్రపఱచి, శుభకార్యము గలవారు తెచ్చుకొని వాడుకొని మరల నప్పగించుట పెక్కు గ్రామములలో నాచారము. కంప్యూటరునందును ఇట్టి యేర్పాటే కలదు.

లెక్కలు వేయు ప్రోగ్రామునకును, జాబులు వ్రాయు ప్రోగ్రామునకును, రసీదులు ముద్రించు ప్రోగ్రామునకును కొన్ని పనులు సమానములు. ఫైలును తెఱచుట, తెరమీద అక్షరములు చూపుట మున్నగునవి యట్టివి. వానిని ప్రతి ప్రోగ్రామునందును వేఱువేఱుగా వ్రాయక, ఒకచో వ్రాసి యన్నింటికి నుపయోగపడునట్లుంచిన ఫైలునకే ఉమ్మడి లైబ్రరీ యని పేరు. విండోస్ వ్యవస్థలో దీనిని డి.ఎల్.ఎల్. అందురు. 1985లో వెలువడిన మొదటి విండోస్ నుండియు ఈ పద్ధతి యున్నది.

ఒక్క కంప్యూటరులో నిట్టి ఫైళ్లు వేలకొలది యుండును. మా ప్రాంతమున నొక కార్యాలయమందు డిస్కు నిండినదని, ఒక యువకుడు తానెఱుగని పేర్లుగల ఫైళ్లను తొలగించెను. మఱునాడు రసీదుల ప్రోగ్రాము తెఱచుకొనలేదు. ఎరువులకై వచ్చిన రైతులు రెండు దినములు వట్టిచేతులతో మరలిపోయిరి. ఆ యువకుడు దుష్టుడు కాడు. ఎవరి పాత్రయో విచారింపక పారవేసినవాడు. కావున విచారించు క్రమమును దెలిసికొందము.

మన తార్కికులు పదార్థమును ఉద్దేశము, లక్షణము, పరీక్ష యను మూడు మెట్లలో విచారించిరి. పేరు చెప్పుట ఉద్దేశము. ఇతరములనుండి వేఱుపఱచు గుర్తు లక్షణము. ఆ గుర్తు కుదిరినదో లేదో చూచుట పరీక్ష.

మొదటిది పేరు. కెర్నెల్32 అనునది జ్ఞాపకస్థానమును, ఫైళ్లను చక్కబెట్టును. యూజర్32 కిటికీలను, మీటలను చూచుకొనును. జి.డి.ఐ.32 బొమ్మలు గీయును. ఇవి వ్యవస్థకు సొంతమైనవి. వి.సి.రన్‌టైమ్140 వంటివి, ఒకానొక ప్రోగ్రామింగు భాషలో వ్రాయబడిన ప్రోగ్రాములకు తోడుగా నుండునవి. ముద్రణయంత్రము, వ్రేలిముద్రల యంత్రము మున్నగు పరికరములతో వచ్చినవి మూడవ తెగ. ఒక్క ప్రోగ్రామునకే చెందినవి నాల్గవ తెగ. అయినను పేరునే నమ్మరాదు. 64 బిట్ల విండోస్‌లో, సిస్టమ్32 అను సంచిలో నుండునవి 64 బిట్ల ఫైళ్లు. 32 బిట్లవి సిస్‌వావ్64 అను సంచిలో నుండును! పేరునకు వ్యుత్పత్తి చెప్పి యర్థము చేసికొన జూచువా డిచట మోసపోవును.

రెండవది లక్షణము. డి.ఎల్.ఎల్. ఫైలు ఎమ్, జెడ్ అను రెండక్షరములతో నారంభమగును. అవి మార్క్ జ్బికోవ్‌స్కీ యను ఇంజనీరు పేరులోని పొడియక్షరములు. కాని స్వయముగా నడచు ప్రోగ్రాములును అట్లే యారంభమగును గనుక, ఈ లక్షణమునకు అతివ్యాప్తి దోషము పట్టును. అందుచే లోపలి శీర్షభాగమున, ‘ఇది లైబ్రరీ’ యని తెలుపు వేఱొక గుర్తు నుంచిరి. ఫైళ్లను వర్గీకరించు పనిముట్లు దానినే చూచును.

మూడవది పరీక్ష. ఫైలుమీద మౌసు కుడిమీట నొక్కి ప్రాపర్టీస్ తెఱచినచో, చేసిన సంస్థ పేరును, సంచికయు గానవచ్చును. కాని గిన్నెమీద పేరు ఎవరైనను చెక్కించుకొనవచ్చును గదా! డిజిటల్ సంతకము మాత్ర మంత సులభముగా ననుకరింపరానిది. అది యచట గానరానంత మాత్రమున ఫైలు దొంగదని తీర్పు చెప్పరాదు. వ్యవస్థకు చెందిన కొన్నింటి సంతకములు వేఱొక జాబితాలో నుండును. ఉన్న చోటును చూడవలెను. ప్రోగ్రాము సాధారణముగా ముందు తన సంచిలోనే వెదకును గనుక, వంచకులు అదే పేరుతో నకిలీ ఫైలును అచట నుంచుటయు గలదు.

రూపమును చూచి నిర్ణయించుటయు ప్రమాదమే. 2002లో ఈమెయిలు ద్వారా నొక వదంతి వ్యాపించెను. ఎలుగుబంటి బొమ్మగల యొక ఫైలు వైరసనియు, వెంటనే తొలగింపుడనియు దాని సారాంశము. అది లైబ్రరీ కాదు గాని, విండోస్‌తో వచ్చిన నిరపాయమైన ఫైలే. నమ్మినవారు తమ చేతులతోనే దానిని తొలగించుకొనిరి.

కావున పెద్దలకు నా విన్నపము. తెలియని ఫైలును తొలగింపనీయకుడు. ప్రోగ్రాము అక్కఱలేనిచో, దానిని తీసివేయుటకు వ్యవస్థలోనే యున్న మార్గమున తీయింపుడు. ఏదేని డి.ఎల్.ఎల్. లేదని తెర చెప్పినచో, ఊరుపేరు లేని చోటనుండి ఆ యొక్క ఫైలును తెప్పింపకుడు. ఆ ప్రోగ్రామునే దాని నిర్మాతలయొద్దనుండి మరల స్థాపింపజేయుడు. వ్యవస్థ ఫైళ్లే చెడినచో, సరిచూచి బాగుచేయుటకు ఎస్.ఎఫ్.సి. యను ఆజ్ఞ విండోస్‌లోనే కలదు. పిల్లలకు యంత్రము నడుపుట మనకంటె బాగుగ దెలియును. తొలగించుటకు ముందు ‘ఇది యెవరిది?’ యని యడుగుట మాత్రము మనము నేర్పవలసినదే.