మన ఇంటిపేర్లలోని ‘వారు’
(సంఘ సభలో చేసిన ప్రసంగ పాఠము)



నెల దినముల క్రిందట మా వీధిలోని ఒక బాలుడు నన్నొక ప్రశ్న అడిగినాడు. ఐదవ తరగతి చదువుచున్నాడు. వాని ఇంటిపేరు మామిడ్వార్. “తాతా! సోమవార్, మంగళవార్, బుధవార్ ఉన్నవి గదా, మామిడ్వార్ ఏ రోజు?” అని. బడిలో తోటి పిల్లలు వానిని ఆ విధముగా ఎగతాళి చేసిరట. నాకు మొదట నవ్వు వచ్చినది. వెంటనే సిగ్గును కలిగినది. ఏలయనగా ఆ పిల్లవాని తండ్రియు సమాధానము చెప్పలేకపోయినాడు. మామిడి యనగా మన మామిడిచెట్టేననియు, వార్ అనగా మన ‘వారు’ అనియు, ఇంటిలో నేటికిని తెలుగే మాటాడుకొనుచున్న ఆ కుటుంబమునకు తోచలేదు. మరాఠీలో వార్ అనగా వారములోని దినము, లేదా కత్తివేటు. ఆ రెండర్థములును మన పేర్లకు పట్టవు.

ఇంటిపేర్లను గూర్చి మాటాడుడని కార్యదర్శిగారు కోరినప్పుడు ఆ బాలుని ప్రశ్నయే నా మనస్సున మెదలినది. అయితే మన వీధికి వచ్చుటకు ముందు కొంచెము దూరదేశములకు పోయి వత్తము. ఇతరుల పేర్లు విప్పి చూచినవానికి తన పేరు విప్పుట సులభమగును.

ఇంగ్లీషువారి పేర్లు, జర్మనుల పేర్లు మనకు వట్టి శబ్దములుగా వినబడును గాని, అవియు ఒకప్పుడు వాడుకలోని మాటలే. ఇంగ్లీషులో స్మిత్, జర్మనులో ష్మిట్, రెండును కమ్మరివాడే. నేతగాండ్రు ఇంగ్లండులో వీవర్, వెబ్, వెబ్‌స్టర్, జర్మనీలో వేబర్. మన ఊరిలో మగ్గము నమ్ముకొని బ్రదికిన కుటుంబములవారికి ఈ చుట్టరికము సంతోషము కలిగింపవచ్చును. జాన్సన్ అనగా జాన్ కుమారుడు. బ్రౌన్ అనగా గోధుమ వన్నెవాడు. మన నిఘంటుకర్త చార్లెస్ ఫిలిప్ బ్రౌన్ దొర పూర్వులలో ఎవని జుట్టో, మేనిచాయయో ఆ రంగున ఉండియుండును. జర్మను భాషలో మూలర్ అనగా పిండిమర నడుపువాడు. ఋగ్వేదమును అచ్చువేయించిన మాక్స్ మూలర్ పండితుడు సంస్కృతమున తన్ను మోక్షమూలరుడనియు, తాను నివసించిన ఆక్స్‌ఫర్డును గోతీర్థమనియు వ్రాసికొన్నాడు. ఎద్దులు దాటు రేవు అని ఆ ఊరి పేరునకర్థము గనుక గోతీర్థము సరియైన అనువాదమే. ఇంటిపేరు మాత్రము పిండిమరను విడిచి మోక్షమునకు పోయినది!

ఊరిని బట్టి వచ్చిన పేర్లు వారికిని మనకును సమృద్ధిగా ఉన్నవి. ఇంగ్లీషువాడు ఊరిపేరును ఉన్నదున్నట్లే పెట్టుకొనును, లింకన్ అట్టిది. తెలుగువాడును అంతే, పాలకుర్తి, నేలటూరి అనిన చాలును. జర్మనువాడు చివర ‘అర్’ చేర్చును: బెర్లినర్ అనగా బెర్లినువాడు, వీనర్ అనగా వియన్నావాడు. మన పొరుగున మరాఠీవారు ‘కర్’ చేర్చునట్లే. బోధన్‌కర్ అనగా బోధనువాడు. బెర్లినర్, బోధన్‌కర్ అను పేర్లు ఒకదాని ప్రక్క నొకటి పెట్టి చూడుడు. వేల మైళ్ల దూరమున ఒకే పనికి ఒకే ఉపాయము తోచినది.

ఇచ్చట ఒక హెచ్చరిక చేయవలసియున్నది. గోదావరిపై ధవళేశ్వరమున 1847 నుండి 1852 వరకు ఆనకట్ట కట్టించిన కాటన్ దొర పేరు వినగానే పత్తి జ్ఞప్తికి వచ్చును. కాని ఆ ఇంటిపేరునకు పత్తితో సంబంధము లేదు. ప్రాచీనాంగ్లమున గుడిసెల చోటు అని అర్థము వచ్చు ఒక ఊరిపేరునుండి అది పుట్టినది. చెవికి తోచిన అర్థము వేరు, చరిత్ర చెప్పు అర్థము వేరు. ఈ మాట మనకును వర్తించును గనుక గుర్తుంచుకొనుడు.

ఇంక మన నాందేడునకు వత్తము. ఈ జిల్లా 1948 సెప్టెంబరు వరకు నిజాము ఏలుబడిలో నుండినది. 1956 నవంబరు 1వ తేదీన బొంబాయి రాష్ట్రమున కలిసినది. 1960 మే 1వ తేదీనుండి మహారాష్ట్రమున నున్నది. ఆ 1956లో గీత గీచినప్పుడు దేగలూరు తాలూకాలోని బిచ్కుంద, జుక్కల్ సర్కిళ్లును, ముధోలు, భైంసా, కుబీరు సర్కిళ్లును ఆంధ్రప్రదేశమునకు పోయినవి. ఆదిలాబాదు జిల్లాలోని కిన్వటు తాలూకా మనకు వచ్చినది. భూమిమీద గీత పడినది గాని చుట్టరికముల మీద పడలేదు. దేగలూరు, బిలోలి, ధర్మాబాదు ప్రాంతముల పిల్లలను బోధను, నిర్మలు వైపు ఇచ్చుటయు, అటువారిని ఇటు తెచ్చుకొనుటయు ఆ గీతకు పూర్వమునుండి ఉన్నదే.

ఈ ప్రాంతపు మన పేర్లు చూడుడు: మామిడ్వార్, చింతల్వార్, తోటావార్, కొండావార్, గడ్డమ్‌వార్. తోకను తీసివేసినచో చెట్టో, తోటయో, కొండయో, తాతగారి గడ్డమో కనబడును. ఇంగ్లీషువాని బ్రౌన్, జర్మనువాని క్లైన్, అనగా పొట్టివాడు, పుట్టిన తీరుననే ఇవియు పుట్టినవి. మన జిల్లాకే ఇది పరిమితము కాదు. చంద్రపూరు ప్రాంతమున రాష్ట్ర మంత్రులుగా పనిచేసిన ముంగంటివార్, వడెట్టివార్ గార్ల పేర్లలోను ఈ తోకయే కలదు. రాష్ట్రీయ స్వయంసేవక సంఘ స్థాపకులైన హెడ్గేవార్ గారి వంశము గోదావరి మంజీరలు కలియు కందకుర్తినుండి నాగపూరునకు పోయినదే.

ఈ ‘వారు’ మన పేర్లకు ఎట్లు అతుకుకొన్నది? తెలుగుదేశమున ఇంటిపేరు ముందు, మనిషి పేరు వెనుక. చింతల రామయ్య యనిన అంతటితో సరి. అచ్చట వారు అను మాట లేదు. అయితే ఎవరైన “మీరెవరు?” అని అడిగినచో “చింతలవారము” అందుము. “ఆ ఇల్లెవరిది?” అనిన “చింతలవారిది” అందుము. మరాఠీ లెక్కలు వ్రాయు గుమాస్తా అడిగినదియు ఆ ప్రశ్నయే, వినినదియు ఆ సమాధానమే. అతడు విన్నదంతయు పేరే అనుకొని, మరాఠీ పద్ధతిలో మనిషి పేరునకు తండ్రి పేరునకు తరువాత ఆడనావుగా వ్రాసినాడు. మరాఠీ ఉచ్చారణలో చివరి అచ్చు నిలువదు గనుక వారు పోయి వార్ అయినది. ఇంటి ముందు నిలిచియుండిన పేరు వెనుక వాకిటికి చేరినది. ఇది నా ఊహయే గాని, మన పేర్ల రూపము చూచినచో ఇంతకంటె సులభమైన వివరణము నాకు తోచుట లేదు.

‘వాడ్’ సంగతి కొంత నొప్పించునది. అయినను చెప్పక తప్పదు. బోయిన్‌వాడ్, గడ్డమ్‌వాడ్ వంటి పేర్లలోని తోక మన ‘వాడు’. వారు అనునది గౌరవ బహువచనము. వాడు అనునది ఏకవచనము. అంగడి యజమానిని గూర్చి “ఫలానావారు” అనియు, పొలములో చెమటోడ్చువానిని గూర్చి “ఫలానావాడు” అనియు పలుకు కాలమున ఈ పేర్లు కాగితమునకెక్కినవి. కోమటి కుటుంబములలో వార్ మిక్కిలిగా కనబడుటయు, సేద్యగాండ్రు, పనిపాటలవారిలో వాడ్ తరచుగా కనబడుటయు ఇందువలననే యని నా అభిప్రాయము. ఇది కట్టుదిట్టమైన నియమము కాదు. సేద్యగాండ్రలోను వార్ ఉన్నవారు కలరు. అయినను వాడు అని పిలిచినది ఒకరు. ఆ పిలుపు మోసినది మరియొకరు. ఆ పేరు గల యువకులు దానిని వార్‌గా మార్చుకొందుమని నాతో అనుచుందురు. వారి మనస్సు నాకు తెలియును, తప్పు పట్టను. కాని సిగ్గుపడవలసినది పిలిచినవాడే గాని పిలిపించుకొన్నవాడు కాడు. పొట్టివాడని పేరు గల జర్మను కుటుంబములు పొడవైన వంశజులతో నేటికిని ఆ పేరే వ్రాసికొనుచున్నవి.

తోక కనబడినదల్లా తెలుగనుకొనరాదు. పవార్ మన వార్ కాదు; అది పరమార శబ్దమునుండి వచ్చినదని పండితులు చెప్పుదురు. గైక్వాడ్ చివర వాడ్ వినబడినను అది మరాఠీ పేరే. కాటన్ దొర పత్తి కథను ఇచ్చట స్మరింపుడు.

ఇంతకంటె చిక్కైనది లిపుల సంగతి. మన పేరు మూడు జల్లెడలలో పడి వచ్చినది. నిజాము ప్రభుత్వమున 1880 ప్రాంతమున పారసీకి బదులు ఉర్దూ వచ్చినది. ఉర్దూ వ్రాతలో హ్రస్వాచ్చులను సాధారణముగా వ్రాయరు; చదువువాడు తన తెలివితో పూరించుకొనవలెను. ఆ వ్రాతనుండి నాగరికి ఎక్కినప్పుడు చివరి అచ్చు పోయినది. నాగరినుండి ఇంగ్లీషు అక్షరములకు ఎక్కినప్పుడు ట, త భేదమును, పలుమారు దీర్ఘమును పోయినవి. మూడవ జల్లెడ దాటునప్పటికి పేరు నడిమి శబ్దము మాత్రమే మిగులును.

దీనివలన ఏమి నష్టమందురా? మా మేనకోడలి పెండ్లి మాటలలో జరిగినది చెప్పెదను. పిల్ల ఇంటిపేరు కాగితములలో గంటావార్. పెండ్లికొడుకు బోధను వైపువాడు, ఇంటిపేరు గంట. పిల్లయు పిల్లవాడును ఒకరినొకరు చూచి ఇష్టపడినారు. మా కులమున గోత్రముకంటె ఇంటిపేరే ప్రమాణము. ఒకే ఇంటిపేరువారు అన్నచెల్లెండ్రతో సమానము. పెద్దలు తాంబూలములు వెనుకకు తీసికొన్నారు. పిల్ల రెండు దినములు అన్నము ముట్టలేదు.

అప్పుడు పిల్ల తండ్రికి నాయనమ్మ వరుసైన ముసలమ్మ, తొంబది యేండ్లకు దగ్గరగా నున్నది, మంచముమీదనే లేచి కూర్చుండి “మనం మోగే గంటోళ్లం కాదు బిడ్డా, నీళ్ల గుంటోళ్లం” అన్నది. వారి పూర్వుల ఇల్లు ఊరి గుంట గట్టున ఉండెడిదట. ఎవరును నమ్మలేదు. అటకమీది ఇత్తడి బిందె దింపుడని ఆమె పట్టుపట్టినది. దింపి చింతపండుతో తోమగా, అంచుక్రింద చుక్కలు చుక్కలుగా కొట్టించిన తెలుగు అక్షరములు తేలినవి. మొదటి మాట ‘గుంట’. తరువాత ఇంట నున్న పాత ఉర్దూ పత్రమును ఒక మౌల్వీగారికి చూపితిమి. ఆయన చూచి, ఇందులో గంట అని చదివినను, గుంట అని చదివినను తప్పు కాదనిరి. ఏ కచేరీలోనో ఏ గుమాస్తాయో నాగరిలోనికి ఎక్కించునప్పుడు గుంటను గంట చేసినాడు. మూడు తరములు ఆ గంటయే మోగినది.

పెండ్లి జరిగినది. ఆ బిందెయే సారెలో పోయినది.

ఆ ముసలమ్మ అప్పటికి లేకున్నచో ఏమగును? దీనికి వ్యతిరేకముగా కూడ జరుగవచ్చును. ఒకే ఇంటిపేరు గల అన్నదమ్ముల సంతతిలో ఒక శాఖ కోటగిర్వార్ అనియు, మరియొకటి కోటగిరే అనియు వ్రాసికొనుచుండ, నాలుగు తరముల పిమ్మట వారు సంబంధము కలుపుకొనరని ఎవరు చెప్పగలరు?

కాగితములలో పేర్లు మార్చుకొనుడని నేను చెప్పవచ్చినవాడను కాను. 1917లో జర్మనులతో యుద్ధము జరుగుచుండగా ఇంగ్లండు రాజకుటుంబము తన జర్మను పేరును విడిచి విండ్సర్ అను పేరు పెట్టుకొన్నది. బాటెన్‌బర్గ్ కుటుంబము ‘బర్గ్’ అనగా కొండ గనుక దానిని ఇంగ్లీషు చేసి ముందునకు తెచ్చి మౌంట్‌బాటెన్ అయినది. మనకు తెలిసిన కడపటి వైస్రాయిగారు ఆ ఇంటివారే. రాజులకు ఒక ప్రకటనతో పని ముగియును. మనకు బడి ధ్రువపత్రము, భూమి పత్రము, కుల ధ్రువపత్రము, ఆధార్ కార్డు, అన్నిటను ఒకే అక్షరములు కావలెను. ఒక అక్షరము తేడా వచ్చినను నెలల తరబడి తిరుగవలెను. కాగితముమీది వార్ అట్లే ఉండనిండు. ఇంటిలో మాత్రము దాని తెలుగు రూపమును తెలిసికొని వ్రాసి పెట్టుకొనుడు.

తలుపు ప్రక్క బల్లమీద ఒక నోటు పుస్తకము పెట్టించితిని. వెళ్లునప్పుడు ప్రతివారును అందులో ఒక వరుస వ్రాయ ప్రార్థన: కాగితములలోని ఇంటిపేరు, ఇంటిలో పెద్దలు పలుకు తీరు, ఏ ఊరినుండి వచ్చినారను సంగతి. తెలుగు వ్రాయుట రానివారు నోటితో చెప్పినచో నేను వ్రాసికొందును. ఇంట పాత ఇత్తడి సామాను ఉన్నవారు అంచులు తోమి చూచి వచ్చే వారము వచ్చి చెప్పవలెను. ఆ మామిడ్వార్ బాలుడు ఆ పుస్తకము దగ్గర కూర్చున్నాడు; మొదటి వరుస వాడే వ్రాసినాడు. మామిడిలో ‘డి’కి గుడి పెట్టుట మరచినాడు, దిద్దించితిని.