నట్టు కూర్చోవాలి
(వార్షికోత్సవ సభలో చేసిన ప్రసంగం)

ఈఎమ్ఈలో 24 ఏళ్లు బండ్ల కింద పడుకున్నవాణ్ణి, చక్రాల గురించే మాట్లాడతాను.

మా అల్లుడు తన స్విఫ్ట్‌కి సెకండ్ హ్యాండ్‌లో హోండా సిటీ అలాయ్ వీల్స్ వేయించాడు. రెండిటికీ నాలుగే స్టడ్లు, పీసీడీ 100 మిల్లీమీటర్లే. "చక్కగా పట్టాయి మామయ్యగారూ" అన్నాడు. నేనూ సరేనన్నాను. యూనిట్లో అయితే కొలత చూడకుండా నట్టు ముట్టనిచ్చేవాణ్ణా?

బెజవాడ వెళ్తుంటే 80 దాటగానే స్టీరింగ్ వణికింది. సూర్యాపేట దగ్గర ఆపి చూస్తే ముందు ఎడమ చక్రానికి రెండు నట్లు చేత్తోనే తిరిగాయి. వెనక సీట్లో మనవరాలు నిద్రపోతోంది. నా ఒళ్లు చల్లబడింది.

సిటీ వీల్ మధ్య రంధ్రం 56.1 మి.మీ., స్విఫ్ట్ హబ్ 54.1. ఆ సందుకి హబ్ రింగ్ వేయాలి. అంతకన్నా ముఖ్యం నట్టు. హోండా కంపెనీ వీల్‌లో నట్టు కూర్చునే గుంట గుండ్రం, మారుతి నట్టు మూతి కోన్. సన్నటి అంచు మీదే ఆనుతుంది, ఎంత బిగించినా వదులవుతుంది. పోనీ హోండా నట్టే వేద్దామంటే దాని మర 1.5, స్విఫ్ట్ స్టడ్ మర 1.25. ఎక్కదు. 1.25 మరలో గుండ్రటి మూతి నట్లు విడిగా వెతకాలి.

ఆఫ్‌సెట్ కూడా చూడండి, లేకపోతే టైరు లోపలో బయటో రాసుకుంటుంది. వేశాక 50 కిలోమీటర్లకి మళ్లీ టార్క్ రెంచ్ పెట్టండి.

పాత స్టీలు చక్రాలే మళ్లీ వేశాం. ఆ అలాయ్‌లు మా మెట్ల కింద ఉన్నాయి. సిటీ ఉన్నవాళ్లెవరైనా ఉంటే భోజనాల దగ్గర కలవండి.